తొంభై దాటిన కథానాయిక

2025 మార్చి 2వ తేదీ రాత్రి. బ్రెజిల్‌లో కార్నివాల్ జోరుగా సాగుతోంది. ఆ పండుగ రోజుల్లో అక్కడివాళ్లకి ఆటపాటలు తప్ప మరో ధ్యాస ఉండదంటారు. అలాంటిది, ఆ రాత్రి ఇళ్లలోనే కాదు, వీధుల్లో కూడా జనం టీవీల ముందు చేరారు. అమెరికాలో ఆస్కార్ బహుమతులు ప్రకటిస్తున్నారు మరి! 'ఐయామ్ స్టిల్ హియర్' అనే తమ సినిమాకి ఉత్తమ అంతర్జాతీయ చిత్రం బహుమతి వచ్చిందనగానే వీధులు మారుమోగిపోయాయి. బ్రెజిల్ సినిమాకి ఆస్కార్ రావడం అదే మొదటిసారి.

కాసేపటికి మరో కబురు. అదే సినిమాలో కథానాయికగా వేసిన ఫెర్నాండా టోరెస్‌కి ఉత్తమ నటి బహుమతి రాలేదు. ఆమెకి 59 ఏళ్లు. బహుమతి అందుకున్న అమెరికన్ నటి మైకీ మాడిసన్‌కి పాతికేళ్లు.

బ్రెజిల్ వాళ్లకి ఇది రెండో దెబ్బ. 1999లో టోరెస్ కన్నతల్లి ఫెర్నాండా మాంటెనెగ్రో 'సెంట్రల్ స్టేషన్' సినిమాకి ఇదే బహుమతి కోసం పోటీలో నిలిచింది. ఉత్తమ నటి పోటీకి ఎన్నికైన మొట్టమొదటి బ్రెజిల్ నటి ఆమే. అప్పుడు ఆమెకి 69 ఏళ్లు. బహుమతి మాత్రం ఇరవై ఆరేళ్ల గ్వినెత్ పాల్ట్రోకి వెళ్లింది. అది అన్యాయమని బ్రెజిల్ వాళ్లు ఇప్పటికీ అంటూనే ఉంటారు.

అందుకే 2025లో చాలా పత్రికలు ఈ సంగతిని 'అమ్మకి రానిది కూతురికైనా వస్తుందా?' అన్న పద్ధతిలోనే రాశాయి. రాయడానికి బాగానే ఉంటుంది. కానీ నాకు ఆ ప్రశ్నే నచ్చలేదు. పదిహేనో ఏట మొదలుపెట్టి తొంభై దాటాక కూడా పనిచేస్తున్న మనిషిని ఒక్క రాత్రి లెక్కతో కొలిస్తే ఏం తెలుస్తుంది? అసలు అడగాల్సింది వేరే. మన తెర మీద ముప్ఫై అయిదు దాటిన నటికి వదిన వేషం, నలభై దాటితే అమ్మ వేషం సిద్ధంగా ఉంటాయి కదా. పోటీ ఏ దేశంలోనైనా ఇంచుమించు ఇంతే. మరి ఈమె ఇన్నేళ్లు ఎలా నిలబడింది? ఎవరిచ్చారు ఆ చోటు? ఎవరూ ఇవ్వలేదనే నా అనుకోలు. తనే సంపాదించుకుంది.

ఆమె అసలు పేరు ఆర్లెట్. 1929 అక్టోబరు 16న రియో డి జనీరో నగర శివార్లలో, ఒక మామూలు కార్మికుడి ఇంట్లో పుట్టింది. చదివింది సెక్రెటరీ కోర్సు. మన దగ్గర ఒకప్పుడు ఆడపిల్లలు టైపు, షార్ట్‌హ్యాండ్ నేర్చుకుని ఉద్యోగానికి వెళ్లేవారే, అలాంటిదన్నమాట. పదిహేనో ఏట ప్రభుత్వ రేడియోలో చేరింది. అక్కడే పేరు మార్చుకుంది. 'ఫెర్నాండా' అంటే పాత ఫ్రెంచి నవలల్లో పేరులా ఉంటుందని అది పెట్టుకుంది. 'మాంటెనెగ్రో' అన్నది వాళ్ల ఇంటివాళ్లు నమ్మే ఒక హోమియో డాక్టరుగారి పేరట!

1951లో రియోలో టూపీ టెలివిజన్ మొదలైనప్పుడు అక్కడ జీతానికి కుదిరిన తొలి నటి ఆమే. అప్పట్లో టీవీ అంటే రికార్డు చేసి వేసేది కాదు. కెమెరా ముందు ఆడిందే ఆడినట్టు ఇళ్లలో కనపడేది. తప్పు చేస్తే దిద్దుకోవడం కుదరదు. రెండేళ్లలో దాదాపు ఎనభై నాటకాలు అలా ఆడింది. 1953లో తనతో పాటు రంగస్థలం మీద ఉన్న ఫెర్నాండో టోరెస్‌ని పెళ్లాడింది.

పెళ్లయ్యాక నటన మానేసిన వాళ్ల కథలు మనకి బోలెడు తెలుసు. ఇక్కడ అలా జరగలేదు. 1959లో భార్యాభర్తలిద్దరూ మరికొందరు మిత్రులతో కలిసి 'ఏడుగురి నాటకశాల' అని అర్థం వచ్చే పేరుతో సొంత నాటక సమాజం పెట్టుకున్నారు. నా దృష్టిలో ఆమె జీవితంలో అన్నిటికంటే పెద్ద మలుపు ఇదే. ఆస్కార్ కాదు. సొంత సమాజం ఉంటే ఏ నాటకం ఆడాలో, ఏ వేషం వేయాలో నిర్ణయించుకునే వీలుంటుంది. నిర్మాత పిలుపు కోసం ఫోను దగ్గర కూర్చోనక్కర్లేదు. ఆమే ఫోను చేసింది! నెల్సన్ రోడ్రిగ్స్ అక్కడ పేరున్న నాటకకర్త. మా సమాజానికి ఒక నాటకం రాసిపెట్టండి అని ఆయన్ని వదలకుండా అడిగి రాయించుకుంది. 1961లో ఆడిన ఆ నాటకం బ్రెజిల్ రంగస్థలంలో ఈనాటికీ చెప్పుకునే వాటిలో ఒకటి.

సినిమాలోకి వచ్చేసరికి ముప్ఫై అయిదు. 1965లో వచ్చిన ఆ తొలి సినిమాలో ఆమెది విచిత్రమైన పాత్ర. బతుకులో ఏ వైభవమూ దొరకని పేద ఇల్లాలు, కనీసం తన శవయాత్రయినా ఘనంగా జరగాలని కలలు కంటుంది. వినడానికి నవ్వొస్తుంది. చూస్తే గుండె పట్టేస్తుంది.

సొంత సమాజమంటే సుఖం మాత్రమే కాదు, అప్పులు కూడా సొంతమే. 1964 నుంచి 1985 దాకా బ్రెజిల్‌లో సైనిక పాలన. నాటకం ఆడాలంటే సెన్సారు అనుమతి ఉండాలి. 1973లో ఈ దంపతులు షికో బువార్కి, రూయ్ గెర్రా రాసిన 'కలబార్' అనే సంగీత నాటకాన్ని భారీ ఎత్తున తయారుచేశారు. సెట్లు, దుస్తులు, రిహార్సల్స్ అన్నీ అయ్యాయి. తీరా తెర లేచే సమయానికి ప్రభుత్వం నిషేధించింది. పెట్టిన డబ్బంతా పోయింది. ఇద్దరు చిన్నపిల్లలున్న ఇల్లు అది. కూతురు ఫెర్నాండాకి అప్పటికి ఏడెనిమిదేళ్లు ఉంటాయి. యాభై ఏళ్ల తర్వాత అదే పాలనలో భర్తని పోగొట్టుకున్న స్త్రీ పాత్ర ఆ పిల్లే వేసింది. ఆ సంగతికి మళ్లీ వస్తాను.

సీరియల్స్ అంటే చులకనా?

పేరున్న రంగస్థల నటి టీవీ సీరియల్‌లో వేస్తే 'పాపం, గతిలేక' అనడం మనకీ అలవాటే. మాంటెనెగ్రో ఆ మాట పట్టించుకోలేదు. అక్కడి సీరియల్స్ మనవాటిలా ఏళ్ల తరబడి సాగవు. వారానికి ఆరు రోజులు చొప్పున ఏడెనిమిది నెలలు నడిచి ఒక ముగింపుకి వస్తాయి. పనివాళ్ల నుంచి పెద్ద ఇళ్ల దాకా అందరూ ఒకే సమయానికి చూస్తారు. నాటకానికి వచ్చే వందల మందికి బదులు కోట్ల మంది.

1983లో గ్లోబో చానల్‌లో వచ్చిన 'ఆడా మగా యుద్ధం' అనే సీరియల్ సంగతి చూడండి. ఒక పెద్ద దుకాణం ఆస్తిగా కలిసొచ్చిన ఇద్దరు ముదురు వయసు బంధువులు, ఒక ఆడ, ఒక మగ, దాని పెత్తనం కోసం కొట్లాడుకుంటారు. ఒకరోజు పొద్దున్న ఫలహారం దగ్గర మాటా మాటా పెరిగి, బల్ల మీదున్నవన్నీ ఒకరి మొహాన ఒకరు కొట్టుకుంటారు. ఆ మగ పాత్ర వేసిన పాలో ఆట్రాన్ కూడా రంగస్థలంలో మహా నటుడే. ఇద్దరు మహా నటులు మొహాల నిండా తిండి పూసుకున్న ఆ దృశ్యాన్ని బ్రెజిల్ ప్రేక్షకులు ఈనాటికీ గుర్తుచేసుకుంటారు. అప్పుడామెకి యాభై మూడు, యాభై నాలుగేళ్లు.

2005లో మొదలైన 'బెలీసిమా' సీరియల్‌లో దుర్మార్గురాలైన ధనవంతురాలి పాత్ర. చేయాల్సిన పాపాలన్నీ చేసి, చివర్లో శిక్ష తప్పించుకుని, ఒక కుర్రాడితో పారిస్‌లో తేలుతుంది! డెబ్భై ఆరేళ్ల నటికి అలాంటి ముగింపు రాసిన రచయిత ధైర్యానికి మెచ్చుకోవాలి.

నాకు అన్నిటికంటే దగ్గరగా అనిపించింది 2012 చివర్లో ప్రసారమైన ఒక టీవీ సినిమా కథ. ఎనభై అయిదేళ్ల పికూషమ్మ ఒంటరిగా ఉంటుంది. ఇన్నేళ్లూ తోడున్న పనిమనిషి పెళ్లి చేసుకుని వెళ్లిపోతోంది. ఇక అమ్మ ఎవరి దగ్గర ఉండాలి? నలుగురు పిల్లలు తర్జనభర్జన పడతారు. అమ్మని మాత్రం ఎవరూ అడగరు. మన ఇళ్లలో జరగని సంగతా ఇది? అయితే ఆ కథని ఏడుపుగా తీయలేదు. ఆ ముసలమ్మని అల్లరిగా, తన ఇష్టం తనకున్న మనిషిగా చూపించారు. ఆ వేషానికే 2013లో మాంటెనెగ్రోకి అంతర్జాతీయ ఎమ్మీ బహుమతి వచ్చింది.

అన్నీ చప్పట్లే అనుకోకండి. 2015లో 'బాబిలోనియా' సీరియల్ మొదటి రోజే ఆమె, ఆమె ఈడుదే అయిన నటాలియా టింబర్గ్ ఏళ్ల తరబడి కలిసి బతుకుతున్న జంటగా కనపడ్డారు, ముద్దు పెట్టుకున్నారు. పార్లమెంటులోని మతవాద సభ్యులు ఆ సీరియల్ చూడొద్దని పిలుపునిచ్చారు. చూసేవాళ్ల సంఖ్య కూడా తగ్గింది. ఆడవాళ్లిద్దరు అన్నదానికి ఎంత కోపం వచ్చిందో, ఎనభై దాటినవాళ్లకి ముద్దేమిటి అన్నదానికీ అంతే వచ్చిందేమోనని నా అనుమానం.

ఉత్తరాలు రాసిపెట్టే టీచరమ్మ

ఇక 'సెంట్రల్ స్టేషన్'. 1998లో వాల్టర్ సాలెస్ తీసిన ఈ సినిమాలో ఆమె డోరా అనే రిటైరైన టీచరు. రియో రైల్వే స్టేషన్‌లో బల్ల వేసుకుని, చదువురాని వాళ్లకి డబ్బు తీసుకుని ఉత్తరాలు రాసిపెడుతుంది. మన పోస్టాఫీసుల ముందు ఇలా కార్డులు, మనియార్డరు ఫారాలు రాసిపెట్టినవాళ్లని చూసినవాళ్లు మీలో ఇంకా ఉంటారు. కాకపోతే ఈ డోరా మహాతల్లి కాదు. రాసిన ఉత్తరాల్లో కొన్ని చింపేస్తుంది, కొన్ని సొరుగులో పడేస్తుంది. తల్లి చచ్చిపోయిన పిల్లవాణ్ని డబ్బుకి అమ్మేసి కొత్త టీవీ కొనుక్కుంటుంది! తర్వాత మనసు ఒప్పక వాణ్ని తప్పించి, తండ్రిని వెతకడానికి దేశానికి ఆ మూల దాకా బస్సులెక్కి, లారీలెక్కి తీసుకెళ్తుంది.

ముసలితనానికి మంచితనం కట్టబెట్టడం సినిమాలకి అలవాటు. బామ్మ అంటే దయ, లేకపోతే గయ్యాళితనం. డోరా ఈ రెంటిలోనూ ఇమడదు. మోసం చేస్తుంది, భయపడుతుంది, పెదవులకి రంగు వేసుకుని ఒక లారీ డ్రైవరు మీద ఆశ పెట్టుకుంటుంది, అతను చెప్పాపెట్టకుండా వెళ్లిపోతే ఏడుస్తుంది. ఇంత నిండైన మనిషిని అరవై ఎనిమిదేళ్ల నటి కోసం తయారుచేయడమే అరుదు. షూటింగ్‌లో ఆ స్టేషన్‌లో ఉన్న మామూలు జనం కొందరు నిజంగానే ఆమె బల్ల ముందు కూర్చుని తమ ఉత్తరాలు చెప్పారు. వాటిలో కొన్ని సినిమాలో ఉన్నాయి. ఆ ఏడాది బెర్లిన్ ఉత్సవంలో సినిమాకి బంగారు ఎలుగుబంటి, ఆమెకి ఉత్తమ నటిగా వెండి ఎలుగుబంటి ఇచ్చారు.

సరే, అంత పేరు వచ్చాక సినిమా ఆమెకి ఏమిచ్చింది? ఇక్కడే నాకు కొంచెం చేదుగా ఉంటుంది. 2019లో 'కనపడని జీవితం' అనే మంచి సినిమా వచ్చింది. తండ్రి పట్టుదల వల్ల విడిపోయిన ఇద్దరు అక్కాచెల్లెళ్ల కథ. అక్క రాసిన ఉత్తరాలని ఇంట్లోవాళ్లు దాచేస్తారు. ముసలితనంలో చెల్లెలికి అవి దొరుకుతాయి. ఆ ముసలి చెల్లెలు మాంటెనెగ్రో. ఒకప్పుడు ఇతరుల ఉత్తరాలు చింపేసిన డోరానే, ఇప్పుడు తనకి చేరని ఉత్తరాలు చదువుకుంటున్నట్టుంటుంది. అద్భుతం. కానీ ఆమె కనపడేది చివరి కాసిని నిమిషాలే.

'ఐయామ్ స్టిల్ హియర్'లోనూ అంతే. అది నిజంగా జరిగిన కథ. రూబెన్స్ పైవా అనే మాజీ పార్లమెంటు సభ్యుణ్ని 1971 జనవరి 20న రియోలో ఇంటి నుంచి సైనిక ప్రభుత్వం మనుషులు తీసుకెళ్లారు. ఆయన తిరిగి రాలేదు, శవమూ దొరకలేదు. భార్య యూనిస్‌ని కూడా పన్నెండు రోజులు నిర్బంధించి వదిలేశారు. అయిదుగురు పిల్లలు. భర్త పోయాడని కాగితం లేదు. కాగితం లేకపోతే విధవా కాదు, సుమంగళీ కాదు. బ్యాంకులో భర్త డబ్బు తీసుకోవడానికి కూడా దిక్కులేదు. ఆమె నడివయసులో లా చదివి వకీలయింది, ఆదివాసీల భూమి హక్కుల కోసం పనిచేసింది. భర్త మరణ ధృవపత్రం ఆమె చేతికి వచ్చింది 1996లో. పాతికేళ్లకి! వాళ్ల కొడుకు రాసిన పుస్తకమే ఈ సినిమాకి ఆధారం.

యూనిస్ నడివయసు వేషం కూతురు ఫెర్నాండా టోరెస్ వేసింది. ఇంటికి వచ్చిన పోలీసులకి భోజనం పెట్టే స్త్రీని, పిల్లల ముందు ఏడవని స్త్రీని ఆమె ఎంత నిదానంగా చేసిందో చూడాల్సిందే. 1986లోనే, ఇరవై ఏళ్ల వయసులో కాన్ ఉత్సవంలో ఉత్తమ నటి బహుమతి పంచుకున్న మనిషి ఆమె. తర్వాత టీవీలో నవ్వించడంలో దేశమంతా పేరు తెచ్చుకుంది, నవలలు రాసింది. 2025 జనవరిలో గోల్డెన్ గ్లోబ్ అందుకుని, పాతికేళ్ల క్రితం ఇదే హాల్లో కూర్చున్న అమ్మని తలుచుకుంది.

చివర్లో ముసలి యూనిస్‌గా మాంటెనెగ్రో వస్తుంది. యూనిస్‌కి అప్పటికి అల్జీమర్స్. చక్రాల కుర్చీలో ఉంటుంది, ఒక్క మాట మాట్లాడదు. టీవీలో సైనిక పాలనలో మాయమైనవాళ్ల గురించి వార్త వస్తుంది, భర్త ఫోటో కనపడుతుంది. ఆ కళ్లలో ఏదో కదులుతుంది. అంతే. యూనిస్ పైవా పుట్టింది కూడా 1929లోనే, మాంటెనెగ్రో కంటే మూడు వారాల చిన్న. సాటి వయసు స్త్రీ మతిమరుపుని ఆమె మాట లేకుండా చేసి చూపింది. 1981లో ఒక సమ్మె కథలో కార్మికుడి భార్యగా ఇలాంటిదే చేసింది. సమ్మెలో మిత్రుడు చనిపోయాక ఆమె, భర్త వంటింటి బల్ల దగ్గర కూర్చుని మాట్లాడకుండా గింజలు ఏరుతుంటారు. బియ్యంలో రాళ్లు ఏరుతూ దుఃఖం దిగమింగుకున్న మన అమ్మల్ని చూసినట్టే ఉంటుంది.

ఆ సినిమాని బ్రెజిల్‌లో యాభై లక్షల మందికి పైగా హాళ్లకి వెళ్లి చూశారు. కదలిక తెర దగ్గరే ఆగలేదు. సైనిక పాలనలో చనిపోయిన, మాయమైన 434 మంది మరణ ధృవపత్రాలలో చావుకి ప్రభుత్వమే కారణమని రాయాలని 2024 డిసెంబరులో అక్కడి న్యాయ మండలి ఉత్తర్వు ఇచ్చింది. 2025 జనవరిలో రూబెన్స్ పైవా పత్రం అలా దిద్దారు. ఆ ఏడాది సెప్టెంబరులో మాజీ అధ్యక్షుడు బోల్సొనారోకి, ఎన్నికల్లో ఓడాక అధికారం పట్టుకోవడానికి కుట్ర చేశాడని అక్కడి సుప్రీంకోర్టు 27 ఏళ్ల 3 నెలల శిక్ష వేసింది. సినిమా వల్లే ఇదంతా అయిందని నేను అనను. యూనిస్‌లాంటివాళ్లు యాభై ఏళ్లు కాగితాలు పట్టుకుని తిరిగితే అయింది.

బోల్సొనారో ప్రభుత్వమన్నాక ఒక సంగతి చెప్పాలి. 2019లో ఒక పుస్తకాల పత్రిక ముఖచిత్రం మీద మాంటెనెగ్రో, పుస్తకాల మధ్య కాల్చడానికి కట్టేసిన మంత్రగత్తెలా నిలబడింది. ఆ ప్రభుత్వంలో కళల శాఖ అధికారి ఒకాయన ఆమెని నీచంగా తిట్టాడు. కొన్ని నెలలకి హిట్లర్ మంత్రి మాటల్ని పోలిన ప్రసంగం చేసి ఆయన ఉద్యోగమే ఊడింది. ఆ పదవిలోకి వచ్చింది ఎవరనుకున్నారు? మరో పెద్ద నటి రెజీనా డువార్టే. విడాకులు తీసుకున్న స్త్రీ కథతో 1979లో సంచలనం రేపిన సీరియల్ నాయిక! 2020 మే నెలకల్లా ఆమె కూడా బయటికొచ్చేసింది. మాంటెనెగ్రోకి 1985లోనే అధ్యక్షుడు సార్నే సాంస్కృతిక మంత్రి పదవి ఇస్తానంటే, నా చోటు రంగస్థలమని వద్దంది. ఆ చోటు ఆమె వదల్లేదు. 2024 ఆగస్టులో సావో పాలోలోని ఒక పార్కులో, 94వ ఏట, సిమోన్ ద బొవా రచనలు చదివి వినిపిస్తే వేల మంది నిలబడి విన్నారు.

మరి సినిమాలో చివరి అయిదు నిమిషాలేనా? కాదు. ఆస్కార్ రాత్రికి పదకొండు రోజుల తర్వాత, 2025 మార్చి 13న బ్రెజిల్‌లో 'విటోరియా' విడుదలైంది. మొదటి నుంచి చివరి దాకా కథానాయిక మాంటెనెగ్రో. వయసు 95. కోపకబానాలో ఒంటరిగా ఉండే ముసలావిడ, కిటికీ కింద సాగే మాదకద్రవ్యాల వ్యాపారాన్ని, దానికి కొమ్ముకాసే పోలీసులని నెలల తరబడి చిన్న కెమెరాతో చిత్రీకరిస్తుంది. ఇదీ జరిగిందే. ఆవిడ టేపుల వల్ల పోలీసులతో సహా ఎందరో అరెస్టయ్యారు. ఆవిడ మాత్రం ఇల్లు అమ్ముకుని, పేరు దాచుకుని, ప్రభుత్వ రక్షణలో వేరే ఊళ్లో బతికింది.

ఆవిడ పేరు, మొహం లోకానికి తెలిసింది 2023లో ఆవిడ పోయాకే. అప్పటికి షూటింగ్ అయిపోయింది. తీరా చూస్తే ఆవిడ నల్లజాతి స్త్రీ. మరి తెల్లజాతి నటి ఎలా వేసిందని విమర్శ వచ్చింది. తెలియక జరిగిందని సినిమావాళ్లు చెప్పినది నిజమే. కానీ తెలిసినా ఎవరు వేసేవాళ్లు? నాకు రూత్ డి సౌజా గుర్తొస్తుంది. మాంటెనెగ్రో కంటే ఎనిమిదేళ్లు పెద్ద. 1945లో రియో మునిసిపల్ థియేటర్ మెట్లెక్కిన తొలి నల్లజాతి నటుల బృందంలో ఆమె ఒకతె. 1954లో వెనిస్ ఉత్సవంలో ఉత్తమ నటి బహుమతి దాకా వెళ్లింది. ఆమెకి తెర మీద ఎక్కువగా దొరికినవి బానిస వేషాలు, పనిమనిషి వేషాలు. 1969లో గ్లోబోలో 'టామ్ మామ ఇల్లు' సీరియల్‌కి ఆమెని కథానాయికగా తీసుకున్నారు. నల్లవాడైన టామ్ వేషం మాత్రం ఒక తెల్ల నటుడు మొహానికి నల్లరంగు పూసుకుని వేశాడు. రూత్ 2019లో, 98వ ఏట కన్నుమూసింది. ఆమె కోసం ఎవరూ డోరాని రాయలేదు.